టైటిల్స్‌లో పేరు పడని మేయర్ గారు

అమ్మాయి: బాబాయ్, రికార్డింగ్ ఆన్ చేశాను. లెవెల్ చూసుకోవాలి, ఏదన్నా మాట్లాడు.

బాబాయి: పొద్దున పెసరట్టు తిన్నాను. అల్లప్పచ్చడిలో ఉప్పు కాస్త ఎక్కువైంది. మీ పిన్నికి చెప్పకు.

అమ్మాయి: పిన్ని కూడా వింటుందిగా ఈ ఎపిసోడ్!

బాబాయి: అయితే తీసెయ్ అది.

అమ్మాయి: తియ్యను. (నవ్వు) అందరికీ నమస్కారం. పోయినసారి ఎపిసోడ్ చివర్లో మా బాబాయి ఒక పొడుపుకథ వేసి వదిలేశాడు. "మీలో చాలామంది ఆయన్ని చూశారు, ఒక్కరికీ పేరు తెలీదు" అని. మెసేజీల్లో చాలా పేర్లు వచ్చాయి బాబాయ్. ఒక్కటీ కలవలేదు.

బాబాయి: కలవదు. ఎందుకంటే ఆయన పేరు టోర్బెన్ మేయర్.

అమ్మాయి: కార్పొరేషన్ మేయరా?

బాబాయి: ఇదిగో, ఈ జోకు నువ్వు వేస్తావని రాత్రే అనుకున్నాను. ఇంటిపేరమ్మా అది. డెన్మార్క్ మనిషి. 1884 డిసెంబరు ఒకటిన పుట్టాడు. మూకీల కాలంలో అక్కడ వేషాలేసి, అమెరికా వెళ్లి, మొత్తం మీద 190కి పైగా సినిమాల్లో కనపడ్డాడు.

అమ్మాయి: నూట తొంభయ్యా! మరి పేరు ఎందుకు తెలీదు?

బాబాయి: వాటిలో చాలావాటికి టైటిల్స్‌లో పేరే పడలేదు కాబట్టి. ఇప్పుడంటే సినిమా చివర పది నిమిషాలు పేర్లు పాకుతాయి, టీ ఇచ్చినవాడి దాకా. అప్పట్లో అంతా మొదట్లోనే. నాలుగైదు అట్టలు, పదీ పదిహేను మంది నటుల పేర్లు, అంతే. నువ్వు నాలుగు డైలాగులు చెప్పినా ఆ అట్ట మీద చోటు లేకపోతే లేనట్టే.

అమ్మాయి: సరే, వినేవాళ్లకి మొహం గుర్తొచ్చేలా చెప్పు. మొదట నాకెలా చూపించావో అలాగే చెప్పు.

బాబాయి: కాసాబ్లాంకా. 1942 సినిమా. మన శ్రోతల్లో సగం మందైనా చూసే ఉంటారు. రిక్ కెఫే లోపలికి కెమెరా వెళ్తుంది. ఇంకా రిక్ వేషం వేసిన హంఫ్రీ బోగార్ట్ మొహం కూడా చూపించలేదు. ఒక టేబుల్ దగ్గర ఒక పెద్దమనిషి, ఇద్దరు ఆడవాళ్లతో కూర్చుని ఉంటాడు. మీ యజమాని వచ్చి మాతో ఒక డ్రింకు పుచ్చుకుంటాడా అని వెయిటర్‌ని అడుగుతుంది ఒకావిడ. మా యజమాని కస్టమర్లతో ఎప్పుడూ తాగడండి అంటాడు వాడు. అప్పుడు ఈ పెద్దమనిషి కొంచెం ముందుకి వంగి, తన హోదా బయటికి తీస్తాడు. ఆమ్‌స్టర్‌డామ్‌లో రెండో అతి పెద్ద బ్యాంకు నాది, ఆ సంగతి చెప్పి చూడు అన్నట్టు.

అమ్మాయి: ఆ రెండో అనే మాట బాగుంటుంది. ఒకటో అని అబద్ధమాడొచ్చుగా!

బాబాయి: అందుకే ఆ పాత్ర బతికింది. దానికి వెయిటర్ ఏమంటాడు? రెండోదా, దానికి మా యజమాని పడిపోడండి, ఆమ్‌స్టర్‌డామ్‌లో మొదటి బ్యాంకరు మా వంటింట్లో కేకులు చేస్తున్నాడు, వాళ్ల నాన్న గుమ్మం దగ్గర బెల్ బాయ్ అంటాడు. అయిపోయింది. సీను వెళ్లిపోతుంది. ఆ బ్యాంకరే మన మేయర్ గారు.

అమ్మాయి: నేను స్టాప్‌వాచ్ పెట్టాను బాబాయ్. అటూ ఇటూగా అర నిమిషం. అందులో ఆయన మాట్లాడేది కొంచెమే.

బాబాయి: ఆ బ్యాంకు మాట తర్వాత మొహం చూశావా? నేను ఈ సినిమా పదిసార్లయినా చూసి ఉంటాను, ఏనాడూ ఆ మొహం చూళ్లేదు. జోకు వెయిటర్ది కదా, మన కళ్లు వాడి మీద ఉంటాయి. కానీ జోకు పేలాలంటే ఎదుటివాడు దెబ్బ తినాలి. అదీ ఎలా తినాలి? మరీ ఏడుపు మొహం పెడితే సీను బరువెక్కిపోతుంది. నవ్వేస్తే దెబ్బే లేదు. ఈయన మధ్యలో పట్టుకుంటాడు. డబ్బున్నవాడి మర్యాద చెదరదు, లోపల ఏదో జారినట్టు ఉంటుంది.

అమ్మాయి: నేను ఎడిటింగ్ చేస్తాను కదా, నాకు ఇంకోటి తట్టింది. ఆ అర నిమిషంతో సినిమా పరిస్థితి మొత్తం చెప్పేశారు. యూరప్‌లో కొంపలు కూలిపోయాయి, పెద్ద పెద్దవాళ్లు పారిపోయి వచ్చి పళ్లేలు మోస్తున్నారు, ఇక్కడ రిక్ అనేవాడికి ఎవరి హోదా పట్టదు. ఇదంతా ఇంకెలా చెప్తావు? ఒక పేజీ డైలాగు పడుతుంది.

బాబాయి: తేదీలు చూడు. డెన్మార్క్ మీదకి జర్మనీ సైన్యం వచ్చింది 1940 ఏప్రిల్ 9న. కొన్ని గంటల్లోనే లొంగిపోయింది ఆ దేశం. తర్వాత నెల పదో తేదీన హాలెండ్. కాసాబ్లాంకా షూటింగ్ 1942 వేసవిలో. అంటే సొంతదేశం శత్రువు చేతిలో ఉండగా, శత్రువు చేతిలో ఉన్న ఇంకో దేశపు బ్యాంకరు వేషం వేశాడు. ఆయన ఆ సెట్టు మీద ఏమనుకున్నాడో అని నేను కథ అల్లను. కానీ చుట్టూ చూస్తే, ఆ సినిమాలో పేరు పడ్డ నటుల్లో అమెరికాలో పుట్టినవాళ్లు ముగ్గురే. బోగార్ట్, పియానో వాయించే డూలీ విల్సన్, బల్గేరియా అమ్మాయి వేషం వేసిన జాయ్ పేజ్. మిగతా అందరూ బయటినించి వచ్చినవాళ్లే. వెయిటర్ వేసిన సకాల్ హంగేరీవాడు. నాజీ మేజర్ వేసిన కాన్రాడ్ వైట్ హిట్లరు వచ్చాక జర్మనీ వదిలేసిన మనిషి.

(కుక్కర్ విజిల్)

అమ్మాయి: అదిగో, పిన్ని జవాబు.

బాబాయి: ఉప్పు సంగతి విన్నట్టుంది. (నవ్వు)

అమ్మాయి: వెనక్కి వెళ్దాం. డెన్మార్క్ నుంచి హాలీవుడ్ దాకా ఎలా వచ్చాడు?

బాబాయి: ఒక్క సంగతి తెలుసుకోవాలి. ఇవాళ డెన్మార్క్ సినిమా అంటే ఏదో చిన్న దేశం, ఫెస్టివల్ సినిమాలు అనుకుంటాం. మొదటి ప్రపంచయుద్ధానికి ముందు అలా కాదు. 1906లో ఓలే ఓల్సెన్ అనే ఆయన కోపెన్‌హాగెన్‌లో నార్డిస్క్ అని కంపెనీ పెట్టాడు. భూగోళం మీద తెల్ల ఎలుగుబంటి నిలబడి ఉంటుంది, అదీ వాళ్ల గుర్తు. ఇప్పటికీ అదే. మూకీలకి భాష అడ్డం లేదు కదా, టైటిల్ అట్టలు మారిస్తే చాలు. యూరప్ అంతా అమ్మేవాళ్లు. యుద్ధం వచ్చి ఆ మార్కెట్లు మూసేసింది. తర్వాత ఆ వైభవం మళ్లీ రాలేదు. మన మేయర్ ఆ లోకంలో తయారైనవాడు. 1927లో పెట్టె సర్దుకుని అమెరికా వెళ్లాడు. అప్పటికి నలభై రెండేళ్లు.

అమ్మాయి: నలభై రెండేళ్లకి దేశం మారడమా! అదీ 1927లో. టాకీలు వచ్చిన ఏడాది.

బాబాయి: అదీ విషయం! సరిగ్గా పట్టుకున్నావు. ఎప్పుడు వెళ్లాడో చూడు. మొదట్లో మూకీ వేషాలే. 1928లో యూనివర్సల్ వాళ్లు 'ది మ్యాన్ హూ లాఫ్స్' అని తీశారు, అందులో గూఢచారి వేషం. హీరో ఎవరనుకున్నావు? ఇందాక చెప్పిన కాన్రాడ్ వైట్. పద్నాలుగేళ్ల తర్వాత ఇద్దరూ కాసాబ్లాంకాలో ఉన్నారు, ఒకడు నాజీ మేజరు, ఒకడు డచ్చి బ్యాంకరు. సరే, అలా కాలు పెట్టాడో లేదో సినిమాకి మాట వచ్చింది. యాస ఉన్నవాళ్ల గుండెల్లో రాయి పడింది.

అమ్మాయి: ఇక్కడ నువ్వు నాకు చెప్పిన ఇంకో డేన్, అదే, ఇంకో డెన్మార్క్‌వాడి కథ చెప్పాలి.

బాబాయి: చెప్పాలి. అది చెప్పకపోతే మేయర్ ఎలా గట్టెక్కాడో అర్థం కాదు. కార్ల్ డేన్. ఇంటిపేరే 'డేన్' అని పెట్టుకున్నాడు, డెన్మార్క్‌వాడు అన్నట్టు. పుట్టింది కోపెన్‌హాగెన్‌లో, 1886లో. పొడుగ్గా, సన్నగా, చూడగానే నవ్వొచ్చే మనిషి. 1925లో ఎం.జి.ఎం. కంపెనీ తీసిన 'ది బిగ్ పరేడ్' యుద్ధం సినిమాలో స్లిమ్ అనే సైనికుడు వేశాడు. సినిమా విరగాడింది. ఈయన స్టార్ అయ్యాడు. జంట కమెడియన్లుగా సినిమాలు తీశారు ఆయన్ని పెట్టి. టాకీలు వచ్చాయి. డేనిష్ యాస చిక్కగా ఉండేది. కంపెనీ వదిలేసింది. ఏవేవో పనులు చేశాడు. తిండి అమ్మే చిన్న కొట్టు కూడా నడిపాడు. 1934 ఏప్రిల్‌లో, నలభై ఏడేళ్లకి, తన ప్రాణం తనే తీసుకున్నాడు.

అమ్మాయి: శవం తీసుకోడానికి కూడా ఎవరూ రాలేదని చెప్పావు.

బాబాయి: రాలేదు. చివరికి ఇంకో డేన్ పూనుకున్నాడు. జీన్ హెర్షోల్ట్. ఆయన ఎం.జి.ఎం. మీద ఒత్తిడి తెచ్చి అంత్యక్రియలు చేయించాడు. ఈ హెర్షోల్ట్ పేరు మీదే ఇవాళ ఆస్కార్‌లో మానవసేవకి ఇచ్చే అవార్డు ఉంది. సినిమావాళ్లలో కష్టాల్లో ఉన్నవాళ్ల కోసం నిధి నడిపాడు. అది చాలదన్నట్టు, హాన్స్ క్రిస్టియన్ ఆండర్సన్ కథలు మొత్తం డేనిష్ నుంచి ఇంగ్లీషు చేశాడు. ఆయన మీద వేరే ఎపిసోడ్ చెయ్యాలి మనం.

అమ్మాయి: రాసుకున్నా. అంటే ముగ్గురు డేన్లు, ఒకే ఊళ్లో, ఒకే కాలంలో. హెర్షోల్ట్ రేడియోలో డాక్టరు పాత్రతో ఇంటింటికీ తెలిసిపోయాడు. కార్ల్ డేన్ మునిగిపోయాడు. మేయర్?

బాబాయి: మేయర్ మునిగేంత ఎత్తు ఎక్కలేదు. (నవ్వు) నేను తక్కువ చేసి అనడం లేదు. ఆలోచించు. కార్ల్ డేన్ మూకీలో కథ మోసిన మనిషి. అలాంటివాడికి మాట రాగానే జనం 'ఇదేంటి ఇలా మాట్లాడుతున్నాడు' అంటారు. మేయర్‌ది ఒక్క సీను. హోటల్లో హెడ్ వెయిటర్ వస్తాడు. హెడ్ వెయిటర్‌కి యూరప్ యాస ఉంటే ఎవరికి అభ్యంతరం? ఉండకపోతేనే వెలితి. కార్ల్ డేన్ కంచంలో మట్టి కొట్టిన యాసే ఈయనకి ముప్పయ్యేళ్లు అన్నం పెట్టింది.

అమ్మాయి: ఆ రోజుల్లో హాలీవుడ్ సినిమాల్లో యూరప్ కూడా తెగ ఉండేది కదా. అంతా స్టూడియో వెనకాల అట్టల పారిస్సు, అట్టల వియన్నా.

బాబాయి: అట్టల బుడాపెస్టు! పది సినిమాల్లో ఆరింటికి ఒక హోటలు కావాలి. హోటలుకి ఒక మేనేజరు, ఒక హెడ్ వెయిటరు, రాజావారికి ఒక బట్లరు, పెళ్లి కొడుక్కి గుండెనొప్పి వస్తే ఒక డాక్టరు. వీళ్లని పొద్దున పిలిచి సాయంత్రం పంపించెయ్యాలి. దర్శకుడికి నేర్పే తీరిక ఉండదు. తలుపు తీసుకుని వచ్చేటప్పటికే ఆ మనిషి ఎవరో జనానికి తెలిసిపోవాలి. చిన్న మీసం, వెనక్కి జరిగిన జుట్టు, ఎప్పుడూ దేనికో కంగారుపడుతున్న కళ్లు, ఆ కంగారుని కప్పే మర్యాద. మేయర్ దగ్గర ఇవన్నీ సిద్ధంగా ఉండేవి.

అమ్మాయి: డేనిష్ మనిషే కానీ డేనిష్ వేషం ఎప్పుడైనా దొరికిందా?

బాబాయి: నువ్వీ ప్రశ్న అడుగుతావనే కూర్చున్నా. దొరికింది! 1932. 'మర్డర్స్ ఇన్ ద ర్యూ మోర్గ్'. ఎడ్గార్ ఎలన్ పో కథ నుంచి తీసింది, బేలా లుగోసీ ఉంటాడు. ఒక ఇంట్లో తలుపులు వేసి ఉండగా ఘోరం జరుగుతుంది. లోపలినించి ఏదో గొంతు వినపడింది. ఏ భాష అది? పోలీసులు ఆ ఇంట్లోవాళ్లని అడుగుతారు. ఒక జర్మన్, ఒక ఇటాలియన్, ఒక డేన్. ఆ డేనే మన మేయర్. టైటిల్స్ లెక్కలో పాత్రకి పేరు కూడా లేదు, ఉత్త 'ది డేన్'.

అమ్మాయి: అబ్బ, ఆ సీను నాకు భలే నచ్చింది. ముగ్గురూ మీద పడి అరుచుకుంటారు.

బాబాయి: ఎవడికి వాడు తనకి రాని భాష పేరు చెప్తాడు. అది పక్కవాడి భాష అయి కూర్చుంటుంది. పక్కవాడు ఇంతెత్తున లేస్తాడు, మా భాష నాకు తెలీదా, అది మా భాష కాదు అని. అసలు సంగతి ఏంటంటే ఆ గొంతు మనిషిదే కాదు, కోతిజాతి జంతువుది. పో కథలో ఇది చాలా తెలివైన కిటుకు. ప్రతి సాక్షీ తనకి తెలియని భాష అనే అంటాడు, అంటే అది ఎవరి భాషా కాదు. సినిమావాళ్లు దాన్ని కొట్లాటగా మార్చారు.

అమ్మాయి: నాకు ఇందులో నవ్వొచ్చింది ఏంటంటే, జీవితం మొత్తంలో ఈయన డేన్‌గా వచ్చిన సీనులో గొడవంతా 'నీ భాష ఏది' అనే. మిగతా అన్ని సినిమాల్లో ఆయన భాష ఏదో ఎవరూ అడగలేదు.

బాబాయి: అడగలేదు. జర్మన్ అంటే జర్మన్, డచ్చి అంటే డచ్చి, ఆస్ట్రియా అంటే ఆస్ట్రియా. అమెరికా ప్రేక్షకుడికి అన్నీ ఒకటే చెవికి. మనవాళ్లు ఉత్తరాదివాళ్లందర్నీ సేట్లు చేసెయ్యలేదూ, అలాగ.

అమ్మాయి: అది నిజం. ఉత్తరాదివాళ్లు మనందర్నీ మద్రాసీలు అన్నట్టు.

బాబాయి: సరిపోయింది. ఇప్పుడు అసలు మంచి భాగానికి వద్దాం. ప్రెస్టన్ స్టర్జెస్.

అమ్మాయి: తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు.

బాబాయి: రైటరు. తన స్క్రిప్టు తనే డైరెక్ట్ చెయ్యాలని పట్టుబట్టి, 'ది గ్రేట్ మెగింటీ' కథని పారమౌంట్ స్టూడియోకి పది డాలర్లకి అమ్మాడు. షరతు ఒక్కటే, డైరెక్షన్ నాకివ్వాలి. 1940లో వచ్చింది. అక్కడినించి నాలుగైదేళ్లు వరసగా కామెడీలు. ఆ మాటల వేగం చూడాలి, ఊపిరాడదు. ఆయన సినిమాల్లో హీరో హీరోయిన్లు మారతారు, చుట్టూ ఉన్నవాళ్లు మారరు. విలియం డెమరెస్ట్, జిమ్మీ కాన్లిన్, ఫ్రాంక్లిన్ పాంగ్‌బోర్న్, రాబర్ట్ గ్రెగ్, ఫ్రాంక్ మొరాన్... ఒక పాతిక మంది. ఆ బృందంలో మన డేన్.

అమ్మాయి: జంధ్యాల గారి సినిమాల్లో లాగా. సుత్తి వీరభద్రరావు, సుత్తి వేలు, శ్రీలక్ష్మి... పోస్టరు చూడకపోయినా వాళ్లుంటారని తెలుసు.

బాబాయి: అదే లెక్క. నాటక సమాజం అనుకో. స్టర్జెస్‌ని స్టూడియోవాళ్లు అడిగేవారట, ఎప్పుడూ వీళ్లేనా అని. ఆయన తన జ్ఞాపకాల్లో రాసుకున్నాడు, నా మొదటి హిట్లకి ఈ చిన్న నటులు అంత చేశారు, తర్వాత సినిమాల్లో పనిచేసే హక్కు నైతికంగా వాళ్లకి ఉంది అని. హక్కు అన్నాడు చూడు. దయ అనలేదు.

అమ్మాయి: మేయర్‌కి అందులో ఏమేం వేషాలు?

బాబాయి: 'ద లేడీ ఈవ్'లో ఓడ మీద పర్సరు, అంటే డబ్బూ లెక్కలూ చూసే అధికారి. 'సలివన్స్ ట్రావెల్స్'లో డాక్టరు. 'పామ్ బీచ్ స్టోరీ'లో కూడా డాక్టరు, పేరు క్లక్. 'హెయిల్ ద కాంకరింగ్ హీరో'లో షుల్ట్స్. 'అన్‌ఫెయిత్‌ఫుల్లీ యువర్స్'లో డాక్టర్ షుల్ట్స్.

అమ్మాయి: షుల్ట్స్‌లు ఇద్దరయ్యారేంటి?

బాబాయి: ఆ మొహానికి ఆ పేరు కుదిరిందన్నమాట, దర్శకుడికి ఇంకో పేరు వెతికే ఓపిక లేదు. (నవ్వు) కానీ ఒకటి గమనించు. బయట సినిమాల్లో ఈయన తలుపు తీసి పక్కకి తప్పుకునే మనిషి. స్టర్జెస్ దగ్గర ఆ చిన్న మనిషికీ ఒక గోల ఉంటుంది. వాడి పని వాడికి ముఖ్యం. హీరో ప్రేమ వీడికి అక్కర్లేదు, వీడి పర్సరు ఆఫీసు వీడికి కావాలి. రాసినవాడు ఆ మాత్రం చోటు ఇస్తే, నటుడు దాన్ని పట్టుకుని ఎంత దూరం వెళ్తాడో అక్కడ తెలుస్తుంది.

అమ్మాయి: స్టర్జెస్ తర్వాత దెబ్బ తిన్నాడు కదా?

బాబాయి: పారమౌంట్ వదిలాక కోటీశ్వరుడు హోవర్డ్ హ్యూస్‌తో కలిశాడు, అది చెడింది. తర్వాత ఫాక్స్ స్టూడియో. 1949 దాకా లాగాడు. దిగజారుతున్నప్పుడూ ఆ బృందంలో చాలామందిని వదల్లేదు, మేయర్‌ని కూడా. ఆయన సినిమాలు ఆగాక మేయర్ మళ్లీ ఒక్కో రోజు వేషాలకి వెళ్లాడు. అప్పటికి అరవై అయిదు దాటాయి.

అమ్మాయి: మనవాళ్లయితే రిటైరై కాశీ రామేశ్వరం తిరిగేవాళ్లు.

బాబాయి: ఈయన 1958లో 'ద ఫ్లై'లో వాచ్‌మన్. మనిషి ఈగగా మారే సినిమా, తెలుసుగా. అది మొదలయ్యేదే ఈయనతో. మాంట్రియల్‌లో ఒక ఫ్యాక్టరీ, రాత్రి. పేరు గాస్టన్. హైడ్రాలిక్ ప్రెస్సు చప్పుడవుతుంది, ఈ వేళప్పుడు ఎవరు నడుపుతున్నారా అని వెళ్తాడు, ఒకావిడ పారిపోతూ కనపడుతుంది, ప్రెస్సు కింద శవం. జనాన్ని మొదటిసారి భయపెట్టే బాధ్యత ఈయనది. ఈగ తర్వాత సంగతి.

అమ్మాయి: నిజమే. రాక్షసుణ్ణి చూపించకుండా, చూసినవాడి మొహం చూపించడం. నేను ఒక షార్ట్‌ఫిల్మ్ ఎడిట్ చేసినప్పుడు ఇక్కడే దెబ్బ తిన్నాను బాబాయ్. శవాన్ని చూసి భయపడే వాచ్‌మన్ షాటు కావాలి. వచ్చినాయన పాపం బాగానే చేశాడు గానీ, భయం వచ్చాక ఆపలేదు, అలా పెంచుకుంటూ పోయాడు. ఎక్కడ కట్ చేసినా అతుకు తెలిసిపోతోంది. చివరికి ఆయన వీపు చూపించే షాటు వాడుకున్నాం.

బాబాయి: అదీ ఆ వృత్తి. ఎప్పుడు ఆపాలో తెలియాలి. సీను నీది కాదు, నువ్వు ఇచ్చేసి వెళ్లిపోవాలి.

అమ్మాయి: సరే, ఇక చివరి పెద్దదానికి వద్దాం. నువ్వు ఈ ఎపిసోడ్ మొత్తం దీని కోసమే చేయిస్తున్నావని నాకు తెలుసు.

బాబాయి: (నవ్వు) దొరికిపోయాను. 'జడ్జిమెంట్ ఎట్ న్యూరెంబర్గ్'. 1961. స్టాన్లీ క్రేమర్ తీశాడు. మూడు గంటల సినిమా, నలుపూ తెలుపూ. న్యూరెంబర్గ్‌లో 1947లో నాజీ కాలపు న్యాయాధికారుల మీద నిజంగా విచారణ జరిగింది, పదహారు మంది ముద్దాయిలు. సినిమాలో ఆ సంఖ్యని నాలుగుకి దించారు, పేర్లు కల్పితం. స్పెన్సర్ ట్రేసీ జడ్జి. ముద్దాయిల బోనులో బర్ట్ లాంకాస్టర్, వెర్నర్ క్లెంపరర్, మార్టిన్ బ్రాంట్, నాలుగోవాడు టోర్బెన్ మేయర్. పాత్ర పేరు వెర్నర్ లాంపే. డెబ్భై ఆరేళ్లు ఆయనకప్పుడు.

అమ్మాయి: ముప్పయ్యేళ్లు పళ్లెం పట్టుకుని నిలబడ్డవాడికి కూర్చునే వేషం దొరికింది.

బాబాయి: అవును! కోర్టు సీన్లలో ఆ బోనులోనే ఉంటాడు. మాట తక్కువ. లాయర్లు అరుస్తుంటారు, సాక్షులు ఏడుస్తుంటారు, కెమెరా ఆ నలుగురి మొహాల మీదకి వస్తుంటుంది. క్లెంపరర్ వేసిన హాన్ పాత్ర పొగరు. లాంకాస్టర్ రాయి. మేయర్ ఒక్కడే ముసలాడిలా ఉంటాడు. మామూలు ముసలాడు. మన వీధి చివర పెన్షన్ ఆఫీసు నుంచి వస్తూ కనపడే మనిషి. అదే భయం నాకు. ఇన్నాళ్లూ ఏ మొహాన్ని చూసి 'పాపం వెయిటరు' అనుకున్నామో అదే మొహం. ఇక్కడ ఆ మొహం ప్రజల ప్రాణాలు తీసిన తీర్పుల మీద సంతకాలు పెట్టింది.

అమ్మాయి: ఆ భోజనాల సీను చెప్పు.

బాబాయి: కోర్టులో ఆ రోజు నాజీ నిర్బంధ క్యాంపుల ఫిల్ము వేసి చూపిస్తారు. శవాలు, బుల్‌డోజర్లు, అంతా. తర్వాత జైల్లో భోజనాల దగ్గర ముద్దాయిలు కూర్చుంటారు. హాన్ మండిపడుతుంటాడు, మాకెలా చూపిస్తారు అవి, మేము తలారులం కాము, జడ్జీలం అని. లాంపే మాత్రం తట్టుకోలేకపోతాడు. అదే గదిలో పోల్ అని ఇంకో ఖైదీ ఉంటాడు, క్యాంపులు నడిపినవాడు. వాడి వైపు తిరిగి అడుగుతాడు. లక్షల మందిని చంపామంటున్నారు, అదెలా సాధ్యం, నువ్వు చెప్పు వీళ్లకి అని. అది సాధ్యం కాదు అని పోల్ అంటే ఈయన ఇంక నిద్రపోవచ్చు. పోల్ తింటూ, చల్లగా, సాధ్యమే అంటాడు. ఎలా అంటే, సాంకేతికంగానా అని, సదుపాయాల లెక్క చెప్పడం మొదలుపెడతాడు. మన ఇంజినీరు ఎవరో ట్యాంకు కెపాసిటీ చెప్పినట్టు.

అమ్మాయి: నాకు ఆ సీను చూశాక చాలాసేపు మాట రాలేదు.

బాబాయి: మూడు గంటల సినిమాలో అందరూ వాదిస్తారు. ఎలా సాధ్యం అని నోరు తెరిచి అడిగినవాడు ఈయనొక్కడే. అదీ బోనులోవాడు. ఆ ప్రశ్న పెద్ద స్టార్ చేతిలో పెడితే, వాడు కన్నీళ్లు పెట్టి మన జాలి కొట్టేసేవాడు. ఈయన గొంతులో మాత్రం అదే పాత కంగారు. స్టర్జెస్ కామెడీల్లో డాక్టరు పడే కంగారు, ఓడ మీద పర్సరు పడే కంగారు. సరిగ్గా అదే పనిముట్టు తీశాడు. అప్పుడు నవ్వాం, ఇప్పుడు నవ్వు రాదు.

అమ్మాయి: తీర్పుకి ముందు నలుగురికీ మాట్లాడే అవకాశం ఇస్తారు కదా బాబాయ్?

బాబాయి: ఇస్తారు. హాన్ లేచి, నేను చేసినదానికి కట్టుబడి ఉన్నాను, నిన్న ఒప్పన్నదాన్ని ఇవాళ తప్పనను అన్న ధోరణిలో ఉపన్యాసం ఇస్తాడు. బ్రాంట్ వేసిన హాఫ్‌స్టెటర్ లేచి, దేశం చట్టం పాటించాను, నాకు అది మంచిదా కాదా అని విచారించే పని లేదు అంటాడు. ఇక లాంపే. లేస్తాడు. యువర్ ఆనర్ అంటాడు. ఆగుతాడు. మళ్లీ యువర్ ఆనర్ అంటాడు. అంతకు మించి మాట రాదు. కూర్చుంటాడు.

అమ్మాయి: ...

బాబాయి: రాసిన ఆబీ మాన్‌కి ఆస్కార్ వచ్చింది ఆ సినిమాకి. డిఫెన్స్ లాయరు వేసిన మాక్సిమిలియన్ షెల్‌కి వచ్చింది. మేయర్‌కి ఏమీ రాలేదు, రావాలని కూడా నేననను. కానీ టైటిల్స్‌లో పేరు పడింది.

అమ్మాయి: ఆ తర్వాత?

బాబాయి: అంత పెద్ద వేషం మళ్లీ లేదు. ఇంకో పద్నాలుగేళ్లు బతికాడు. 1975 మే 22న హాలీవుడ్‌లోనే పోయాడు. తొంభై ఏళ్లు. కార్ల్ డేన్ పోయి నలభై ఏళ్లు దాటిపోయింది అప్పటికి.

(రెండో విజిల్. దూరంగా పిలుపు.)

అమ్మాయి: పిన్ని భోజనానికి రమ్మంటోంది. ఆపెయ్యనా రికార్డింగ్?

బాబాయి: వినేవాళ్లకి ఒక పని చెప్పు ముందు. కాసాబ్లాంకా మళ్లీ చూసేటప్పుడు ఆ టేబుల్ దగ్గర ఆపండి. వెయిటర్ జోకు వెయ్యగానే, వాణ్ణి చూడకండి.

అమ్మాయి: విన్నారుగా. వచ్చేసారి హెర్షోల్ట్. ఉంటాం.

బాబాయి: ఉండవే, అప్పుడే లాప్‌టాప్ మూసెయ్యకు. ఆ బోను సీను ఒక్కసారి పెట్టు. హాన్ మాట్లాడుతున్నప్పుడు ఈయన ఏం చేస్తున్నాడో నేను ఇంకా సరిగ్గా చూళ్లేదు.